ఫిలిం ముక్కల నక్షత్రం

రిటైరయ్యాక ఏం చేస్తావని అడిగిన వాళ్లందరికీ పుస్తకం రాస్తానని చెప్పాను. ఎవరి మీద అంటే, స్పెయిన్ దేశపు ఆయన ఒకరున్నారు, మూగ సినిమాల తొలిరోజుల్లో పనిచేసినాయన, ఆయన మీద అనేదాన్ని. అడిగినవాళ్లు అక్కడితో టీ గ్లాసు కింద పెట్టి లేచేవాళ్లు. మా ఆయన మాత్రం లేచేవాడు కాదు. పాపం, ఆయన ఎక్కడికి పోతాడు. "మెదక్‌ల కూసోని స్పెయినోని చరిత్ర రాస్తున్నది మా ఇంటామె," అని కరెంటాఫీసులో తనతో పనిచేసిన వాళ్లకు ఫోన్లు చేసి మరీ చెప్పేవాడు.

నవ్వితే నవ్వనీ. బడిలో ఏటా అవే యుద్ధాలు, అవే రాజులు చెప్పీ చెప్పీ నాకు విసుగొచ్చింది. ఒకరోజు ఫోన్లో ఏదో వెతుకుతుంటే ఆయన తీసిన చిన్న సినిమా ఒకటి కంటబడింది. మనిషి చెయ్యి తగలకుండానే సామాన్లు వాటంతటవే నడుస్తున్నాయి. ఎలా చేశాడా అని మళ్లీ మళ్లీ చూశాను. సామాను కొంచెం జరిపి ఒక బొమ్మ తియ్యడం, ఇంకొంచెం జరిపి ఇంకో బొమ్మ తియ్యడం. అంతే. ఆ ఓపికకే నేను పడిపోయాను. ఆ తర్వాత రంగులు. అప్పటికి రంగు ఫిలిం లేదు. ఆడవాళ్లు బల్లల ముందు వరసగా కూర్చుని, గోరంత బొమ్మలో గౌనుకు ఎరుపు, రెక్కకు పసుపు కుంచెతో అద్దేవాళ్లు. ఆయన భార్య కూడా ఆ పని చేసేదంటారు. రంగుల పని ఆమెను చూసే నేర్చుకున్నాడని నా అనుమానం. రుజువు లేదు కాని పుస్తకంలో రాసేశాను.

ఆయన తీసినవాటిలో చాలా భాగం ఇప్పుడు లేవు. ఎందుకు లేవన్న అధ్యాయం రాయడానికి కూర్చున్నప్పుడే నా కష్టాలు మొదలయ్యాయి. ఆ కాలపు ఫిలింను నైట్రేటు ఫిలిం అంటారు. తుపాకి మందుకు దగ్గరి చుట్టం అది. ఒకసారి అంటుకుంటే ఆర్పడం ఎవరి తరమూ కాదు. నీళ్లలో ముంచినా కాలుతూనే ఉంటుంది, మంటకు కావలసిన గాలి దాని లోపలే ఉంది కనుక. పాతబడినకొద్దీ ఇంకా చెడ్డది, తక్కువ వేడికే రాజుకుంటుంది. దాని వల్ల గోదాములు కాలాయి, సినిమా హాళ్లు కాలాయి, లోపలి మనుషులు కాలారు. చదువుతుంటే ఒళ్లు జలదరించేది. అయినా అది ఎక్కడో దూరదేశంలో ఎప్పుడో జరిగిన సంగతి కదా అని హాయిగా రాసుకుంటూ పోయాను.

పోయిన డిసెంబరు మొదట్లో ఒక సాయంత్రం వరండాలో కూర్చుని ఆ అధ్యాయమే రాస్తున్నాను. మా ఆయన స్టూలెక్కి గుమ్మం ముందు నక్షత్రం కడుతున్నాడు. చర్చికి దగ్గరి ఇళ్లు మావి. డిసెంబరు వచ్చిందంటే వాకిలి వాకిలికీ ఒక నక్షత్రం వేలాడాల్సిందే. అందరివీ బజారులో కొన్న కాగితం నక్షత్రాలు. మాది మా మామయ్య స్వయంగా చేసినది. నేను కోడలిగా వచ్చేనాటికే ఆయన లేరు. మిషన్ దవాఖానలో వడ్రంగి పని చేసేవారట. మిషన్ నడిపే ఇంగ్లీషు దొరసానులు ఊరూరా తెల్లగుడ్డ కట్టి ఏసు ప్రభువు జీవితం సినిమా చూపించే రోజుల్లో, కుల్చారం దాకా, శివ్వంపేట దాకా వాళ్ల వెంట పోయి ప్రొజెక్టరు తిప్పింది కూడా ఆయనేనట. దొరసానులు ఊరు విడిచి పోతూ పాతబడ్డ రీలు పారేస్తే తెచ్చుకుని, వెదురు బద్దలతో ఐదు కొమ్ముల నక్షత్రం కట్టి, కాగితానికి బదులు ఆ రీలు ముక్కలనే కొమ్ము కొమ్ముకూ పక్కపక్కన అల్లారు. ఇంటికి ఎవరొచ్చినా, ఆఖరికి గ్యాస్ సిలిండర్ తెచ్చిన మనిషి అయినా సరే, మా అత్తమ్మ చెయ్యి పైకెత్తి చూపించేది. "మా ఆయన చేసిండు. గిసొంటిది మెదక్‌ల ఇంకోటి లేదు."

ఇదంతా నాకు తెలిసిన సంగతే. పాత రీలు అనీ తెలుసు, పాత రీలు కాలుతుందనీ తెలుసు. ఆ రెండూ నా బుర్రలో ఒకదాని పక్కన ఒకటి కూర్చోవడానికి మాత్రం అంతకాలం పట్టింది. మా ఆయన స్విచ్ వేశాడు. పసుపు వెలుగు నా కాగితాల మీద పడింది. వేడికి దూరంగా ఉంచాలి అని నేనప్పుడే రాసిన వాక్యం కనిపించింది. తలెత్తి చూశాను.

స్టూలు మీంచి మా ఆయనను దింపి నేనెక్కాను. ఫిలిం పట్టీల అంచుల వెంట చిన్న చిన్న రంధ్రాలు. వాటి మధ్య గోరంత బొమ్మలు. ఒక దేవదూత, ఆమె రెక్కలకు పసుపు. ఆ పసుపు గీత దాటి కొంచెం బయటికి పోయింది, కుంచె పట్టుకున్న చెయ్యి జరిగిందన్నమాట. అబద్ధమెందుకు, ఒక్క క్షణం నాకు ఏడుపొచ్చేంత సంతోషం వేసింది. ఇన్నాళ్లూ ఫోన్లో చూసిన రంగు నా ముక్కు ముందు ఉంది. ఆ వెంటనే బల్బు వేడి నా చెంపకు తగిలింది. పోయినేడు పెట్టిన ఎల్‌ఈడీ వెలుతురు మరీ తెల్లగా ఉంది, బాలేదని అత్తమ్మ గొణిగితే, ఈసారి మా ఆయన ఎక్కడి నుంచో పాతకాలపు బల్బు వెతికి తెచ్చి పెట్టాడు. ఆ బల్బుకూ ఫిలింకూ మధ్య జానెడు దూరం కూడా లేదు. దానికి రెండడుగుల్లో, గుమ్మం లోపలే అత్తమ్మ మంచం.

దిగి స్విచ్ ఆపాను. 

నగరంలో పాత సినిమాలు భద్రపరిచే చోట పనిచేసే ఒకాయనతో నాకు పుస్తకం పని మీద పరిచయం. ఆయనకు ఫొటోలు పంపాను. మామూలుగా రెండు రోజులకు గాని జవాబివ్వని మనిషి వెంటనే ఫోన్ చేశారు.

"అమ్మా, ముందు ఆ బల్బు ఆర్పేయండి. తర్వాత మాట్లాడదాం."

"ఆర్పేశానండీ."

"ఆ ఇంట్లో మనుషులుంటున్నారా?"

 ఉంటున్నామని చెప్పాను. పండగ సెలవులు అయ్యాక తానే పెట్టె తీసుకుని వస్తానన్నారు. అప్పటిదాకా ఎండ తగలని, మంట తగలని, గాలి ఆడే చోట, మనుషులకు దూరంగా పెట్టమన్నారు. బస్సులో మాత్రం తేవద్దన్నారు.

లోపలికి వచ్చి చెబితే మా ఆయన నవ్వాడు. "ఇన్నేండ్ల సంది కాలలే, ఇయ్యాల కాలుతదా? నువ్వు గా పుస్తకం సురువు జేసినప్పటి సంది నీకు అన్నిట్ల మంటలే కనబడుతున్నయి."

అత్తమ్మ నవ్వలేదు. మంచం మీద లేచి కూర్చుంది. "ఆయన పోయినంక ఆయన చేతిది మిగిలింది గదొక్కటే. ఇల్లు మారింది, సామాన్లు మారినయి, గా స్టార్ మారలే. పండుగకు అది గూడ ఎలగకుంటె ఇగ ఆయన ఈ ఇంట్ల ఏడున్నట్టు?"

 ఆమెకు ఎనభై దాటాయి. కాళ్లు సరిగా రావు. మంట లేస్తే మంచం దిగే లోపలే అంతా అయిపోతుంది. ఆ మాట ఆమె ముఖం మీద చెప్పలేక, "నా మాట విను అత్తమ్మా, నీకు దండం పెడ్త," అన్నాను. ఆమె గోడ వైపు తిరిగి పడుకుంది.

మనుషులకు దూరంగా అంటే మెదక్‌లో ఎక్కడ? వంటింట్లో గ్యాసు. అటక మీద రేకుల వేడి. చివరికి పెరట్లో బాత్రూం గోడ నీడన నీళ్లు పట్టడం మానేసిన పాత మట్టి గోలెం ఉంటే, అందులో నక్షత్రాన్ని పెట్టి పైన వెదురు తట్ట బోర్లించాను. పెట్టాక ఇంకో భయం మొదలైంది. పక్కింటివాళ్లు పొద్దున్నే చెత్త తగలబెడతారు. ఎదురింటి పిల్లలు పండగకు ముందు నుంచే పటాకులు కాలుస్తారు. ప్రతి చప్పుడుకూ పెరట్లోకి పరుగు. ఒకనాడు గోలెం పక్కన సిగరెట్ పీక కనబడింది. మానేశానని ఒట్టు పెట్టిన మా ఆయన రోజూ బాత్రూం వెనక నిలబడి ఊదుతున్నాడు, అదీ ఆ గోలెం అంచుకు ఆనుకుని. ఆ రోజు మా ఇంట్లో లేచిన మంట ముందు నైట్రేటు ఎంత. తిడుతూ తిడుతూ మధ్యలో ఏడ్చాను. అప్పుడు ఆయన నవ్వు ఆపాడు. నిజంగా భయపడుతున్నావా అని అడిగాడు. నిజంగానే భయపడుతున్నానని చెప్పాను.

అత్తమ్మ నాతో మాట్లాడడం మానేసింది. అడిగిందానికి తల ఊపడమే. సాయంత్రం కాగానే ఖాళీ కొక్కెం వైపు చూసి కళ్లు మూసుకునేది. తిండి తగ్గింది. ఆమెను కాపాడబోయి నేనే చంపుతున్నానా అనిపించేది.

పండగ ముందు శనివారం నాతో పనిచేసిన టీచరు ఇంట్లో ప్రార్థన ఉంటే కుల్చారం పోయాను. మా ఆయనను ఇంట్లోనే ఉండమన్నాను. తిరిగొచ్చేసరికి పొద్దు గూకుతోంది. ఆయన లేడు, పాల ప్యాకెట్ కోసం చౌరస్తాకు పోయాడట. అత్తమ్మ మంచి చీర కట్టుకుని, శాలువా కప్పుకుని వరండాలో కుర్చీలో కూర్చుంది. ముఖంలో వెలుగు. చాలా రోజుల తర్వాత నన్ను చూసి నవ్వింది.

"క్యారల్సోళ్లు వచ్చిన్రు. మస్తు మంచిగ పాడిన్రు. స్టార్ ఇచ్చిన."

"ఏ స్టార్ అత్తమ్మా?"

"మనకు ఎన్ని స్టార్లున్నయే. గోలెంల దాస్తె నాకు తెల్వదనుకున్నవా. గా ఆటో నడిపే పొడుగాయనతోని తీపిచ్చిన. మీ మామ ఉన్నప్పుడు గట్లనే ఇస్తుండె, క్యారల్సోళ్లు మన ఇంటికాడి నుంచె కర్రకు కట్టుకోని పోతుండె."

"బల్బు లేదు గద దాన్ల," అన్నాను. 

"నడితొవ్వల బల్బు ఏడిదే పిచ్చిదానా. అప్పట్ల పెట్టినట్లె కొవ్వొత్తి పెట్టిపిచ్చిన, లాంతరు చిమ్నీ తొడిగి." ఆమె గర్వంగా చెప్పింది. పాతకాలపు మర్యాద ఒకటి మర్చిపోకుండా నిలబెట్టానన్న గర్వం. నేను సంచి అక్కడే పడేసి వీధిలోకి పరుగెత్తాను.

ఎటు పోయారో ఎవరినీ అడగలేదు. డోలక్ చప్పుడు వినిపించిన వైపు పరుగెత్తాను. పరుగంటే నాది పరుగు కాదు, మోకాళ్ల నొప్పుల మనిషిని. చెప్పు తెగింది. రెండో చెప్పు కూడా విడిచేసి ఉత్త కాళ్లతో పోయాను. దారిలో ఒక ఆటో ఆగి టీచరమ్మా ఎక్కండ్రి అంటే ఎక్కలేదు, సందులు ఇరుకు, ఆటో ఆగిపోతే ఎలా అని. మలుపు తిరిగితే కనిపించింది. నలభై యాభై మంది గుంపు. మధ్యలో పొడుగు కర్ర, దాని చివర మా నక్షత్రం వెలుగుతోంది. కర్రకు కట్టిన రంగు రిబ్బన్లు పట్టుకుని చిన్నపిల్లలు దాని కిందనే నడుస్తున్నారు. ఒక తల్లి చంకలో బిడ్డను ఎత్తి చూపిస్తోంది. బిడ్డ చేతులు చాస్తోంది.

ఎంత అందంగా ఉందో చెప్పలేను. చెప్పడానికి కూడా భయంగా ఉంది. ఎరుపు, పసుపు, పచ్చ గోడల మీద కదులుతున్నాయి. ఆ గోడల మీద నాకు కనబడింది మాత్రం ఒక్కటే. ఇంకా రాలని ఒక్క నిప్పురవ్వ. కాలుతున్న ఫిలిం ఆ పిల్లల తలల మీద రాలితే దులుపుకుంటే పోయేది కాదు.

అరవబోయి నోరు మూసుకున్నాను. అరిస్తే పొడుగాయన ఉలిక్కిపడి తిరుగుతాడు, కర్ర ఊగుతుంది, చిమ్నీ ఒరుగుతుంది. పిల్లలను పక్కకు లాగితే తోపులాట. ఏం చెయ్యాలో తోచక పాడుతూ గుంపులో కలిసిపోయాను. జీవితంలో ఎన్నడూ శ్రుతిలో పాడిన దాన్ని కాదు, ఆ రోజు అసలే కాదు. పక్కవాళ్లు జరిగి దారిచ్చారు, నా పాట విని పరేషానై ఉంటారు. పాడుతూ, నవ్వుతూ, కర్ర దగ్గరికి చేరాను. నవ్వడం మాత్రం ఎలా చేశానో దేవుడికే తెలియాలి.

"బాబూ, జర స్టార్ కిందికి దించు. మా అత్తమ్మకు ఫొటో తియ్యాలె."

"ముందటి ఇంటికాడ దించుత టీచరమ్మా."

"గీడనే దించు. మెల్లగ. నిలువుగనే పట్టుకోని దించు."

నా ముఖం చూసి ఏమనుకున్నాడో, ఆగాడు. పిల్లలను ఫొటోకు గోడ దగ్గర నిలబడమన్నాను. ఫొటో అనగానే పిల్లలు వాళ్లంతట వాళ్లే దూరం పోయారు. అతను కర్రను చేతుల్లోంచి కొంచెం కొంచెంగా జారవిడిచాడు. నక్షత్రం దిగుతోంది. నా నెత్తి మీదికి, నా కళ్ల ముందుకు. గాలి తగిలి మంట చిమ్నీలో పక్కకు వాలింది. చిమ్నీ అంచుకు దగ్గరగా ఒక పట్టీ చివర ఊడి వేలాడుతోంది. అది ముడుచుకుంటోంది. పాడుతూనే ఉన్నానో ఆపానో గుర్తులేదు. వేళ్లు నోట్లో తడుపుకుని, ఒక్కసారిగా చెయ్యి లోపల పెట్టి వత్తిని నలిపేశాను. చిమ్నీ తగిలి మణికట్టు చర్మం లేచిపోయింది. చెయ్యి మాత్రం ఊగనివ్వలేదు.

 ఎవరిదో అరుగు మీద కూలబడ్డాను. పిల్లలు ఫొటో ఏదని అడుగుతున్నారు. గాలికి ఆరిందని చెప్పాను. సెల్‌ఫోను లైటు పెడతామన్నారు, వద్దన్నాను. నక్షత్రాన్ని ఒళ్లో పెట్టుకుని విడవలేదు. గుంపు కొంచెంసేపు నిలబడి, తర్వాత నక్షత్రం లేకుండానే కదిలింది. పోతూ పోతూ ఒకావిడ నాకు వినబడేటట్టే అంది, "ఇయ్యబుద్ధి కాకుంటె ముందుగాల్నె చెప్పాలె. పండుగ పూట గట్ల గుంజుకుంటరా." ఆ మాట పడ్డాను. ఆ పిల్లలందరూ పాడుకుంటూ పోతుంటే, ఏ మాటైనా పడొచ్చు అనిపించింది.

మర్నాడు పొద్దున, చర్చికి పోయి వచ్చాక, అత్తమ్మను కుర్చీతో సహా పెరటి వెనక ఖాళీ జాగాలోకి తెచ్చాం. మాటలతో అయ్యే పని కాదని నాకు అర్థమైంది. ఊడిపోయిన పట్టీలోంచి వేలెడంత ముక్క కోసి ఇనుప తట్టలో పెట్టాను. నక్షత్రాన్ని ఇంటికి అవతలి వైపు ఉంచాను. మా ఆయన దూరం నుంచి పొడుగు పుల్లతో అంటించాడు.

బుస్సుమంది. వేలెడంత ముక్క నుంచి మోకాలెత్తు మంట. మా ఆయన బకెట్ నీళ్లు గుమ్మరించాడు. నీళ్ల కింద అది ఇంకా కాలుతోంది, పసుపు పొగ కక్కుతూ. మా ఆయన బకెట్ పట్టుకుని అలాగే నిలబడిపోయాడు. 

అత్తమ్మ తట్ట వైపే చూస్తోంది. పొగ పోయాక కూడా చూస్తోంది.

"వీని ఉయ్యాల గా స్టార్ కిందనే కట్టిండు," అంది కొడుకును చూపిస్తూ. "ఎలుగు చూసుకుంట పండుకుంటడని. కొవ్వొత్తి ఆయనే ముట్టిస్తుండె."

 తర్వాత నా వైపు తిరిగి అడిగింది. "ఆయన మిషిని తిప్పినోడు గద. ఇది గిట్ల కాలుతదని ఆయనకు ఎర్కనా బిడ్డా?"

నేను అంతకు ముందే ఆ అధ్యాయం పూర్తి చేశాను. ప్రొజెక్టరు తిప్పేవాడికి ఎక్కడైనా మొట్టమొదట నేర్పేది అదే. రీలు ముట్టుకోకముందే నేర్పుతారు. పక్కన ఇసుక బకెట్ లేకుండా మిషను తిప్పనివ్వరు.

"తెల్వదత్తమ్మా," అన్నాను. "అప్పట్ల ఎవ్వరికీ తెల్వకుండె."

ఆమె తల ఊపింది. నమ్మిందో లేదో నాకు తెలియలేదు. ఆ రోజు అన్నం మాత్రం తిన్నది.

పండగ అయ్యాక నగరం నుంచి ఆయన ఇంకొకరిని వెంటబెట్టుకుని, ఇనుప పెట్టెతో వచ్చారు. చేతులకు తొడుగులు వేసుకుని గోలెంలోంచి నక్షత్రాన్ని తీసి నీడలో తెల్లగుడ్డ మీద పెట్టారు. భూతద్దంతో చాలాసేపు చూశారు. మీ స్పెయిన్ ఆయన పనిచేసిన కాలపు రంగులే ఇవి, ఆయన చెయ్యి పడి ఉండొచ్చు, పడకపోయీ ఉండొచ్చు, చూసి చెబుతానన్నారు. ఇంకోనాడైతే నేను ఎగిరి గంతేసేదాన్ని. ఆ రోజు అవునా అని ఊరుకున్నాను.

వెదురు ముడులు చూసి ఆయన ముచ్చటపడ్డారు. ఒక్క మేకు లేకుండా ఎంత చక్కగా కట్టారో అన్నారు. ఇది భద్రపరిచేటప్పుడు చేసినవారి పేరు కూడా రాస్తామని, వరండాలో కూర్చున్న అత్తమ్మ దగ్గరికి పోయి వంగి అడిగారు.

"ఇది ఎవరు చేశారమ్మా?"

మా ఆయన చెప్పబోయాడు. అత్తమ్మ చెయ్యెత్తి ఆపింది.

"తెల్వదు బిడ్డా," అంది. "ఎవ్వరో చేసి ఇచ్చిన్రు."